శరణాగత రక్షణము

(శ్రీరామనవమి ఉత్సవముల సందర్భమున కళ్యాణదుర్గములో చేసిన ప్రవచనము, ఏడవ దినము)

శ్రీ గురుభ్యో నమః.



గడచిన ఆరు దినములుగా ఈ మంటపమున శ్రీమద్రామాయణ కథను చెప్పుకొనుచున్నాము. నేటికి కథ సముద్రతీరమునకు వచ్చినది. ఈవలి ఒడ్డున వానరసేన విడిసియున్నది. ఆవల లంక. నడుమ నూరు యోజనముల సముద్రము. ఆ సమయమున ఆకాశమున ఐదుగురు రాక్షసులు కానవచ్చిరి. వారు విభీషణుడును, అతని అనుచరులు నల్వురును.

విభీషణుడు భూమిపై దిగలేదు. అడుగక అడుగు పెట్టరాదని ఆకాశముననే నిలిచి, గొప్ప స్వరముతో తన సంగతి విన్నవించుకొనెను. తాను రావణుని తమ్ముడననియు, హితము చెప్పి అవమానము పొందితిననియు, భార్యను బిడ్డలను విడిచి రాముని శరణు జొచ్చితిననియు పలికెను. ఏదియు దాచలేదు. శత్రువుకు తమ్ముడనన్న మాటనే ముందుగా చెప్పెను.

అప్పుడు రాముని కొలువున ఆలోచన సాగినది. వీడు గూఢచారి, చంపదగినవాడని సుగ్రీవుడనెను. పరీక్షింపవలెనని అంగదుడనెను. చారుని పంపి తెలిసికొందమని శరభుడనెను. రాగూడని చోటికి, రాగూడని వేళ వచ్చినాడు గనుక శంకింపవలసినదే అని జాంబవంతుడనెను. మెల్లమెల్లగా ప్రశ్నింపుడని మైందుడనెను. వీరిలో మూఢుడొక్కడును లేడు. సేనను కాపాడువారు ఆ మాటలు అనవలసినదే. యుద్ధకాలమున వచ్చినవానిని చూచి అనుమానించుట పాపమని మన పెద్దలెవ్వరును చెప్పలేదు.

కాని హనుమంతుడు చెప్పిన మాట వేరు. ఒకని హృదయము ఒక్కసారిగా ప్రశ్నలు కురిపించినంత మాత్రమున తెలియదనెను. బుద్ధిమంతుడైనవాడు అట్లు ప్రశ్నింపబడినచో తానే శంకలో పడుననెను. స్నేహము కోరి వచ్చినవానిని కానిరీతిని ప్రశ్నించినచో ఆ స్నేహమే చెడుననెను. ఈ మాటను మీరు మనస్సున ఉంచుకొనుడు. నా బాల్యమున జరిగిన యొక సంగతిని చెప్పునప్పుడు దీనితో పని పడును.

తుదకు శ్రీరామచంద్రుడు తన నిర్ణయము తెలిపెను. మిత్రభావముతో వచ్చినవానిని, అతనియందు దోషమున్నను, విడువజాలననెను. తన ఆడుపావురమును పట్టిన బోయవాడు గూటిచెంతకు రాగా, తన మాంసమునే ఇచ్చి ఆతిథ్యము చేసిన పావురము కథను తలచెను. వచ్చినవాడు విభీషణుడైనను సరే, రావణుడే అయినను సరే, అభయమిచ్చితిని, తోడితెమ్మని సుగ్రీవునితోనే చెప్పెను.

ఇంతవరకు మీరందరు ఎరిగినదే. తరువాత జరిగినదానిని మాత్రము మనము తరచుగా మరతుము. రాముడు అభయముతో ఆగలేదు. లక్ష్మణుని పిలిచి సముద్రజలము తెప్పించి, విభీషణుని లంకారాజ్యమునకు అభిషేకింపుమనెను. సేతువింకను కట్టలేదు. యుద్ధమింకను మొదలు కాలేదు. లంక రావణుని చేతనే యున్నది. అట్టియెడ ఈ అభిషేకమేల? ఇల్లు వాకిలి, ఆలుబిడ్డలు, పేరుప్రతిష్ఠలు ఒక్క దినమున పోగొట్టుకొనినవానికి కూడుగుడ్డలు మాత్రమే చాలవు. నీవును ఒకచోట నిలువగలవు, నీకును లోకములో ఒక స్థానము కలదు అని చెప్పువాడు కావలెను. అభయము ప్రాణమును నిలుపును. అభిషేకము మనిషిని నిలుపును. ఈ రెండును కలిసిననే శరణాగత రక్షణము పూర్తియగునని నా గురువుగారు చెప్పెడివారు. నేటి ప్రసంగమునకు ఇదియే విషయము.

శరణమనునది ఒక్క మనిషికే గాని ఊరికి ఊరికి సాధ్యమా అని మీరడుగవచ్చును. భాగవతమున దశమస్కంధమును చూడుడు. జరాసంధుడు మథురపై పదునేడు పర్యాయములు దండెత్తి వచ్చెను. పదునేడు పర్యాయములును ఓడిపోయెను. పదునెనిమిదవమారు వాడు రానుండగా, మరియొకవైపునుండి కాలయవనుడు మూడు కోట్ల సేనతో వచ్చి పడెను. శ్రీకృష్ణపరమాత్మకు యుద్ధము చేయ శక్తి లేకనా? కాదు. ఇద్దరు శత్రువుల నడుమ నలిగిపోవునది ప్రజ. గెలిచిన యుద్ధములోను పొలములు తగులబడును, బిడ్డలు అనాథలగుదురు. అందుచేత స్వామి ఊరు విడుచుటకే నిశ్చయించెను. గుజరాత్‌లో ద్వారకయందును, డాకోరు క్షేత్రమునందును ఆయనను నేటికిని రణఛోడరాయుడని పిలుతురు. యుద్ధరంగము విడిచినవాడని అర్థము. ప్రజకొరకు తెచ్చుకొనిన పేరు గనుక అది నింద కాలేదు, బిరుదమైనది.

అక్కడ మీరు గమనింపవలసినది క్రమము. మొదట విశ్వకర్మచేత సముద్రమధ్యమున పండ్రెండు యోజనముల నగరము కట్టించెను. వీధులు, తోటలు, ఇండ్లు సిద్ధమైన తరువాతనే మథురావాసులను అక్కడికి చేర్చెను. పొమ్మనుట మొదలు కాలేదు. ఉండుటకు చోటు మొదలైనది. 

ఆ ద్వారకయే తుదకు సముద్రమున మునిగినప్పుడు ఏమైనది? మౌసలపర్వములో చూడుడు. యాదవులు తమలో తాము కొట్టుకొని నశించినపిమ్మట, మిగిలిన స్త్రీలను, వృద్ధులను, బాలురను వెంటబెట్టుకొని అర్జునుడు బయలుదేరెను. దారిలో దొంగలు పడిరి. గాండీవము ఎక్కుపెట్టుటయే కష్టమైనది, అస్త్రములు స్ఫురించలేదు, అమ్ములు తరిగిపోయినవి. కురుక్షేత్రము గెలిచినవాడు కఱ్ఱలు పట్టిన దొంగలను ఆపలేకపోయెను. దిక్కులేక దారినబడినవారికి యుద్ధముకంటె దారియే పెద్ద ఆపద యని వ్యాసభగవానుడు మనకు చూపినాడు. అయినను అర్జునుడు కూలబడలేదు. మిగిలినవారిని కొందరిని మార్తికావతమున, కొందరిని సరస్వతీతీరమున, పెక్కుమందిని ఇంద్రప్రస్థమున నిలిపెను. శ్రీకృష్ణుని మునిమనుమడు వజ్రునకు ఇంద్రప్రస్థమున రాజ్యమిచ్చెను. అక్కడను అభయముతో ఆగలేదు. అభిషేకము కూడ జరిగినది.

పురాణములు అట్లుంచుదము. మీలో తిరుమల చూడనివారుండరు. పడికావలి దాటి లోపలికి పోయినప్పుడు రంగనాయకుల మంటపమను పేరు వినియుందురు. వేంకటేశ్వరుని ఇంట రంగనాయకుల పేరేల? 1323లో ఢిల్లీ సేనలు శ్రీరంగముపై వచ్చిపడినప్పుడు, పిళ్ళై లోకాచార్యులు మొదలగు పెద్దలు స్వామివారి ఉత్సవమూర్తిని ఎత్తుకొని అడవులు పట్టి పోయిరి. లోకాచార్యులవారు త్రోవలోనే పరమపదించిరి. ఆ మూర్తి ఊరూరు తిరిగి తుదకు తిరుమల చేరినది. విజయనగర కాలమున కుమార కంపనరాయలు మధురను జయించిన పిమ్మట, గోపనార్యుడు 1371లో స్వామిని తిరిగి శ్రీరంగమునకు చేర్చెను. నలుబదియెనిమిది సంవత్సరములు! లోకమునకు శరణమైన స్వామియే ఇంటికి దూరమై, మరియొక ఇంట ఉండెను. ఆ ఇంటివారు నీ పేరు మార్చుకొమ్మనలేదు. ఆయన పేరనే మంటపము నిలిచినది. ఆయన వెళ్ళి ఆరువందల ఏబదియేండ్లు దాటినను ఆ పేరు చెరుపలేదు. అతిథి పేరును కాపాడుట ఆశ్రయ ధర్మములో ఒక భాగమని ఆ మంటపము మనకు బోధించుచున్నది.

ఇక మన సీమ సంగతి. ఇక్కడినుండి ఆగ్నేయముగా పోయిన పెనుకొండ వచ్చును. 2022లో జిల్లాలు విడిపోవువరకు అది మన అనంతపురము జిల్లాలోనిదే. 1565 జనవరి 23న రక్కసి తంగడి యుద్ధమున అళియ రామరాయలు మరణించెను. ఆయన తమ్ముడు తిరుమలరాయలు రాజధానికి వచ్చి, సదాశివరాయలను, ధనాగారమును ఏనుగులపై ఎక్కించుకొని పెనుకొండ చేరెను. పెనుకొండ కోట అప్పటికే ఉన్నది గనుక రాజుకు పోవుటకు చోటు దొరకినది. కాని విజయనగరములోని సామాన్య ప్రజ సంగతి? సాలెవారు, కంసాలులు, శిల్పులు, పూలమ్ముకొనువారు, వైదికులు ఎవరి ఏనుగులపై ఎక్కిరి? నెలల తరబడి నగరము దోపిడికి గురియైనది. 1567లో ఆ నగరమును చూచిన సీజర్ ఫెడరిచి యను వెనిస్ వర్తకుడు, ఇండ్లు నిలిచియేయున్నవి గాని అందు మనుష్యులు లేరనియు, రాజసభ ఎనిమిది దినముల ప్రయాణములోనున్న పెనుకొండకు పోయినదనియు వ్రాసినాడు. తిరుమలరాయలు ఆ ఊరిని మరల నిలుపుటకు యత్నించెను గాని సాగలేదు. గోడలు మిగిలినంత మాత్రమున ఊరు కాదు. భయము పోయి, పని దొరకి, పొరుగువాడు తిరిగివచ్చిననే ఊరు.

ఆనాడు తుంగభద్రాతీరమునుండి దక్షిణమునకు నడచినవారు ఈ సీమ ఊళ్ళలో ఎక్కడ దిగిరో, ఎవరి అరుగులపై పండుకొనిరో శాసనములు చెప్పవు. కాని వారందరు ఆకాశమున కలిసిపోలేదు గదా! ఎవరో నీళ్ళిచ్చిరి. ఎవరో మగ్గమునకు చోటిచ్చిరి. ఈ సభలో కూర్చున్న మనలో ఎందరి పూర్వులు నీళ్ళిచ్చినవారో, ఎందరి పూర్వులు నీళ్ళు త్రాగినవారో చెప్పగలవారెవరు?

ఇప్పుడు మన కాలమునకు వత్తును. సర్కారు జిల్లాల తెలుగువారు తరతరములుగా ఓడలెక్కి బర్మా పోయి, రంగూను రేవులో మూటలు మోసి, బియ్యపు మిల్లులలో పనిచేసి బ్రతికినవారు. 1931 జనాభా లెక్కల ప్రకారము రంగూను జనములో సగమునకు పైగా భారతీయులే. 1941 డిసెంబరు 23న జపాను విమానములు ఆ నగరముపై బాంబులు వేసెను. 1942 మార్చిలో నగరము వారి వశమైనది. నాలుగైదు లక్షల మంది భారతీయులు బర్మా విడిచి వచ్చిరి. ఓడలు దొరకనివారు ఆరకాను కనుమల గుండ చిట్టగాంగుకు, తాము మీదుగా మణిపురమునకు, మరికొందరు హుకాంగ్ లోయ దాటి అస్సామునకు నడచిరి. వానలు, మలేరియా, కలరా, ఆకలి వేలాదిమందిని త్రోవలోనే పొట్టనబెట్టుకొన్నవి. శ్వేతజాతీయులకొక దారి, భారతీయులకొక దారి ఏర్పరచిరని ఆనాడే దేశమంతట ఆక్రోశము వినవచ్చెను. బ్రతికి ఇల్లు చేరినవారికి ఇక్కడను శాంతి లేదు. 1942 ఏప్రిల్ 6న విశాఖపట్టణము, కాకినాడలపైనను బాంబులు పడెను.

యుద్ధము ముగిసినపిమ్మట కొందరు తిరిగి బర్మా పోయి మరల దుకాణములు పెట్టుకొనిరి. 1962లో అక్కడ సైనిక ప్రభుత్వము వచ్చెను. 1964 మార్చిలో దుకాణములను జాతీయము చేసిరి. మే నెలలో ఏబది, నూరు చాట్ల నోట్లు చెల్లవనిరి. ఒక జీవితకాలములో రెండుసార్లు కట్టుబట్టలతో ఓడలెక్కినవారు వారిలో కలరు. విశాఖపట్టణములో కంచరపాలెము చెంతనున్న బర్మా క్యాంపు అట్లు వచ్చినవారు నిలదొక్కుకొనిన చోటు.

ఆ రోజులలోనే నా సంగతి జరిగినది. చెప్పుటకు సిగ్గగుచున్నది, అయినను చెప్పెదను. 1965వ సంవత్సరము. నాకు పదునైదేండ్లు. ఈ కరవుసీమనుండి పోయి కోనసీమలో ఒక పాఠశాలయందు వేదాధ్యయనము చేయుచుంటిని. ఒకనాటి మధ్యాహ్నము గురువుగారు విశ్రమించియుండగా అరుగుపై నేనొక్కడనే యుంటిని. ఒక వృద్ధుడు, ఆయన భార్య, కోడలు, ఇద్దరు పిల్లలు వాకిట నిలిచిరి. చేత ఒక రేకుపెట్టె, ఒక మూట. బర్మానుండి వచ్చినామనియు, తాతలనాటి ఊరికి పోగా అక్కడ తమనెవరు ఎరుగమనిరనియు, సత్రములో ఆ రాత్రి ఉండనిత్తురా యనియు ఆ వృద్ధుడడిగెను.

నాకు అప్పటికి సంహితలో కొంత భాగము వచ్చును. తెలిసినవాడనను గర్వమును వచ్చును. ఏ ఊరు, ఎవరి తాలూకు, ఏ కులము, ఏల వచ్చితిరి, మీకు పూచీ ఎవరు అని వరుసగా అడిగితిని. ఆయన నాలుగింటికి జవాబు చెప్పెను. అయిదవదానికి చెప్పలేదు. పెట్టె ఎత్తుకొని, "బాబూ, ఓడ దిగిన కాడినుంచి ఈ ప్రశ్నలకే జవాబు చెప్తున్నాను. పిల్లలకు దాహంగా ఉందేమోనని మాత్రం ఎవరూ అడగలేదు" అని వెడలిపోయెను.

గురువుగారు లేచిన తరువాత నేనే సంగతి చెప్పితిని. ఆయన కోపపడలేదు. "ఒరే నాయనా, విభీషణ శరణాగతి ఎన్నిసార్లు విన్నావురా? నీకు సుగ్రీవుడి ప్రశ్నలన్నీ వచ్చాయి గానీ, రాముడి జవాబు రాలేదే!" అనిరి. మరుక్షణము చెంబుతో నీళ్ళు ముంచుకొని, పైపంచె భుజాన వేసికొని, నన్ను వెంటబెట్టుకొని కాలువగట్టున నడచిరి. చాల దూరమున ఒక చెట్టుక్రింద వారు కనబడిరి. గురువుగారు తమ చేతితో ఆ పిల్లలకు నీళ్ళిచ్చిరి. ఆ నీళ్ళు త్రాగుట పూర్తియగువరకు ఆయన ఒక్క ప్రశ్నయు అడుగలేదు.

వారు సత్రములో మూడు మాసములుండిరి. వారమునకే ఆ వృద్ధుడు గురువుగారి యొద్దకు వచ్చి, "అయ్యా, ఊరికే తినలేకపోతున్నాను" అనెను. ఆయన రంగూనులో దర్జీ. గురువుగారు ఊరిపెద్దలకు చెప్పి, అద్దెకొక కుట్టుమిషను తెప్పించిరి. మొదటి పని పాఠశాల పిల్లలకు పుస్తకముల సంచులు. గురువుగారు కూలి లెక్కగట్టి ఇచ్చిరి. దానముగా ఇచ్చిన బియ్యమును తలవంచి తీసికొనిన ఆ మనిషి, కూలిడబ్బులు తీసికొనునప్పుడు తలయెత్తి నిలిచెను. అభిషేకమనగా ఏమో నాకు ఆనాడు తెలిసినది. మూడు మాసములు గడచిన పిమ్మట ఆయన దగ్గరి పట్టణములో వాకిలంత కొట్టు తీసికొనెను.

1986 ఆగస్టులో గోదావరికి పెద్ద వరద వచ్చినది మీలో పెద్దలకు జ్ఞాపకముండును. గురుపత్నిని చూచుటకు నేనప్పుడు అటు పోయితిని. త్రోవ తెగి, తడిసి ముద్దయై, రాత్రివేళ ఆ పట్టణమున ఒక కొట్టు అరుగెక్కితిని. లోపలినుండి ఒకడు వచ్చి, ఎవరని అడుగక ముందు మంచినీళ్ళు, తరువాత పొడిబట్ట ఇచ్చెను. మేడపై అప్పటికే వరదబాధితులు ముప్పదిమంది దాక ఉండిరి. గోడనున్న పటము చూచినప్పుడు గాని అది ఆ దర్జీ ఇల్లని నాకు తెలియలేదు. నాడు చెట్టుక్రింద నీళ్ళు త్రాగిన పిల్లలలో ఒకడు నేడు నాకు నీళ్ళిచ్చినవాడు. నేను నా తప్పు చెప్పుకొంటిని. అతడు నవ్వి, "మా తాత ఆ మాట ఎప్పుడూ చెప్పలేదండి. చెంబు పట్టుకుని పరుగెత్తుకొచ్చిన అయ్యగారి సంగతే చెప్పేవాడు" అనెను. పుచ్చుకొనినవాడు ఇచ్చువాడైననాడే శరణము పూర్తియైనట్లు.

దీనికి దృష్టాంతము మన ఊరిలోనే కలదు. ఇక్కడి ఆర్.డి.టి. ఆసుపత్రిని ఎరుగనివారు లేరు. ఆ సంస్థను స్థాపించిన విన్సెంట్ ఫెర్రర్ 1920లో స్పెయిన్ దేశమున బార్సిలోనాలో పుట్టినవారు. పదునెనిమిదవ యేట అంతర్యుద్ధమున సైనికుడై, ఓడిన పక్షముతోకూడ సరిహద్దు దాటి, ఫ్రాన్సులో సముద్రపుటొడ్డున ఇసుకలో ఏర్పరచిన నిర్బంధ శిబిరమున ఉన్నవారు. 1952లో మన దేశమునకు వచ్చిరి. 1968లో మహారాష్ట్రములోని మన్మాడు విడువవలసి వచ్చి, 1969లో ఈ కరవుసీమకు వచ్చిరి. 2009లో ఇక్కడనే కన్నుమూసిరి. ఆయన పుట్టిన మతము వేరు, మన మార్గము వేరు. దాని చర్చ ఇక్కడ అక్కరలేదు. యుద్ధమువలన దిక్కుచెడిన యొక యువకుడు, ఎక్కడనో ఎవరో చోటిచ్చుటచేత నిలిచి, తుదకు మన బిడ్డల కాన్పులకు, మన ముసలివారి జబ్బులకు ఆసుపత్రియైనాడు. వచ్చినవానిలో ఏమి దాగియున్నదో వాకిటనే నిర్ణయింపగలమా?

సోదరులారా! ఐక్యరాజ్యసమితివారి లెక్కనుబట్టి 2024 చివరినాటికి యుద్ధములవలనను, హింసవలనను ఇల్లు విడిచినవారు లోకమున 12 కోట్లకు పైగా కలరు. అంత సంఖ్య మన ఊహకందదు. కాని మూట నెత్తినబెట్టుకొనుట ఈ సీమవారికి తెలియనిది కాదు. వానలు తప్పి, చెనిక్కాయ పంట ఎండి, ఇంటికి తాళము వేసి, ముసలివారిని వదలి బెంగుళూరు బస్సెక్కినవారు ఈ సభలో ఎందరో కలరు. కరవు వేరు, యుద్ధము వేరు. కరవు పోయిన ఇంటికి తిరిగి రావచ్చును. యుద్ధమున తాళము వేసిన ఇల్లే మిగులదు. అయినను పరాయి ఊరిలో, పరాయి భాషలో, "ఎవరు నువ్వు?" అన్న మాట ఎట్లు గుచ్చుకొనునో మీకు నేను చెప్పనక్కరలేదు.

కనుక ధర్మకర్తలకు, మీకందరకు ఒక్క మనవి. మన దేవస్థానము వెనుకనున్న సత్రము గదులు రెండేండ్లుగా తాళము వేసియున్నవి. ఎవరెవరో వచ్చి చేరుదురని భయము. ఆ భయమును నేను తప్పుపట్టను. సుగ్రీవుడును భయపడెను. జాగ్రత్త వలదనను. పేరు వ్రాసికొనుడు, విచారింపుడు, అవసరమైన అధికారులకు తెలుపుడు. కాని క్రమము మరువకుడు. ముందు నీళ్ళు, తరువాత నీడ, ఆ తరువాత ప్రశ్న. ప్రశ్నతో ముగింపక, చేతనైన పని చూపుడు. అన్నము పెట్టినది ఒక పుణ్యము. రేపు అతడే మరియొకనికి అన్నము పెట్టునట్లు చేసినది నూరు పుణ్యములు.

రేపటి కథ సేతుబంధనము. వచ్చునప్పుడు ఒక్కొక్కరు ఒక కొత్త కడవ తెండు. మంటపమునకు కాదు, సత్రమునకు. తాళములు తీయుదమని ధర్మకర్తలు ఇప్పుడే నాతో అనిరి. ఆ వాకిట మొదటి కడవలో నీళ్ళు నేను పోసెదను. అరువదియేండ్ల క్రితము ఒక అరుగుపైనుండి పోయవలసిన నీళ్ళవి.

విభీషణునకు అభయమిచ్చిన కోదండరాముడు, మథురావాసులకు ముందుగా ఇండ్లు కట్టించిన ద్వారకాధీశుడు, దారిలోనున్నవారినందరిని చల్లగా కాచుగాక.

స్వస్తి. శుభం భూయాత్.